శిలాదంతముల సేకర్త స్టీఫెన్ హిస్లాప్

తాడిపత్రి బండ పరచిన ఇల్లు లేని ఊరు అనంతపురము జిల్లాలో అరుదు. ఆ బండ ఒకప్పుడు నీటి యడుగున పొరలుపొరలుగా పేరుకొనిన మెత్తని సున్నపు బురద. ఈ మాట పాఠశాలలో చెప్పినప్పుడు తెలివిగల విద్యార్థి అడుగదగిన ప్రశ్న యొకటి కలదు. ఏటికి సగటున 550 మిల్లీమీటర్ల వానయైనను నమ్మకముగా కురియని ఈ కరవునేలపై ఒకనాడు సముద్రమే యున్నచో, ఆ రాతిలో చేప యెముకగాని, సొరచేప కోరగాని ఏల కనబడదు?

సమాధానము సులభము. ఆ సముద్రము చేపలకంటె పాతది. సొరచేపల వంశము పుట్టి 40 కోట్ల సంవత్సరములు దాటినది. మన బండలు అంతకు ఎన్నో కోట్ల సంవత్సరములకు ముందే గట్టిపడినవి. కావున తెలుగునేలపై ప్రాచీన మత్స్యముల దంతములను చూడగోరువాడు తాడిపత్రిని విడిచి, ఉత్తరమున గోదావరి దాటి, పూర్వపు ఆదిలాబాదు జిల్లాలో, ప్రాణహిత లోయలోని మలేరి గ్రామసీమకు పోవలెను. అచ్చటి దంతములను శాస్త్రలోకమునకు చేర్చినవాడు భూగర్భశాస్త్రజ్ఞుడుగా మనదేశమునకు వచ్చినవాడు కాడు. స్కాట్లండు దేశపు క్రైస్తవబోధకుడు. ఆయనయే స్టీఫెన్ హిస్లాప్. నాగపురమునందలి హిస్లాప్ కళాశాలవలన ఆ పేరు నేటికిని నిలిచియున్నది.

హిస్లాప్ 1817 సెప్టెంబరు 8వ తేదీన స్కాట్లండు దక్షిణసీమలోని డన్స్ అను చిన్న పట్టణమున జన్మించెను. ఎడింబరో, గ్లాస్గో విశ్వవిద్యాలయములలో చదివి, స్కాట్లండు స్వతంత్ర క్రైస్తవసంఘము పక్షమున 1845లో నాగపురము చేరెను. అప్పటికది భోంసలే రాజుల రాజధాని. సమీపమున కాంప్టీలో మదరాసు సైన్యము విడిసియుండెను. ఆయన మరాఠీ నేర్చెను, పాఠశాల స్థాపించెను, గ్రామగ్రామము తిరిగెను. 1847లో రాబర్ట్ హంటర్ అను సహచరుడు వచ్చి కలిసెను. రాళ్లయందు, మొక్కలయందు, జంతువులయందు ఇరువురకును సమానమైన ఆసక్తి. బోధకై నడచిన దారులే వారికి పరిశోధనకును దారులైనవి.

1851లో నాగపురము ప్రక్కన తాకలీ వద్ద నడచుచుండగా లావారాతి పొరల నడుమ శిలలుగా మారిన నత్తగుల్లలు వారి కంటబడినవి. అది మొదలు సేకరణ ఆగలేదు. ఆకుల ముద్రలు, విత్తనములు, కీటకములు, జంతువుల అస్థులు వరుసగా దొరకినవి. మాంగలీ వద్ద లభించిన యొక కపాలమును సుప్రసిద్ధ శాస్త్రజ్ఞుడు రిచర్డ్ ఓవెన్ పరీక్షించి, అది ప్రాచీనమైన ఉభయచరముదని నిర్ణయించి, దానికి బ్రాకియాప్స్ అని నామకరణము చేసెను. నాగపుర పరిసరముల భూగర్భస్థితినిగూర్చి హిస్లాప్, హంటరులు వ్రాసిన దీర్ఘవ్యాసమును 1855లో లండను భూగర్భశాస్త్ర సంఘము ప్రకటించెను. హిస్లాపు తనకు తెలిసినంతవరకు తానే వ్రాసెను. తెలియనిదానిని తెలిసినవారికి పంపెను. ఈ గుణమే ఆయన సేకరణకు విలువ తెచ్చినది.

మలేరి సీమలోని ఎఱ్ఱని బంకమట్టిలో దొరకినవి చిత్రమైన దంతములు. ఒక్కొక్కటి మందమైన పలక. దాని యొక అంచున కొమ్ములవలె గట్లు పొడుచుకొని వచ్చినవి. 1859లో భారత భూగర్భ పరిశోధనశాఖాధిపతి థామస్ ఓల్డ్‌హాం వీనిని వర్ణించి ప్రకటించెను. ఇవి సెరటోడస్ అను ప్రజాతికి చెందినవని గుర్తించి, మూడు జాతులుగా విభజించెను. ఒకదానికి హిస్లాపు పేరును, రెండవదానికి హంటరు పేరును ఇచ్చెను. మూడవదాని పేరు విరాప. తెలుగు చెవికి ఇది వీరప్ప వలె వినబడును.

సెరటోడస్ అనగా కొమ్ముపల్లు గలది. ఈ పేరు పెట్టినవాడు స్విట్జర్లండు దేశీయుడగు లూయీ అగాసీ. శిలాజమత్స్యములనుగూర్చి 1833 మొదలు 1843 వరకు ఆయన ప్రకటించిన మహాగ్రంథము నాటి విద్వాంసులకు ప్రమాణము. అందులో ఆయన సెరటోడస్‌ను సొరచేపల వర్గమున చేర్చెను. కారణము లేకపోలేదు. సొరచేప అస్థిపంజరము మృదులాస్థితో నిర్మితము. మన చెవిదొప్పలోనిది ఆ పదార్థమే. చచ్చినపిమ్మట అది త్వరగా నశించును. దంతములు, రెక్కముండ్లు మాత్రము మిగులును. సెరటోడస్ విషయమునను దంతములే మిగిలినవి. పైగా ఆస్ట్రేలియా తీరమున నత్తగుల్లలు నమలి తిను సొరచేప యొకటి కలదు; దాని పలకపండ్లను ఇవి కొంత పోలియుండెను. ఒక్క దంతముతో జంతువును ఊహింపవలసివచ్చినవాడు అంతకంటె మేలుగా ఊహింపజాలడు.

హిస్లాపు ఈ చిక్కు విడిపోవుట చూడలేదు. 1863 సెప్టెంబరు 4వ తేదీన ఆయన నాగపురమునకు దక్షిణమున తాకల్‌ఘాట్ వద్ద నుండెను. అచ్చటి ప్రాచీన శిలావలయములను త్రవ్వించి పరీక్షించుటకు మధ్యపరగణాల ప్రధానాధికారి రిచర్డ్ టెంపుల్‌తో కూడ వచ్చెను. పని ముగిసినపిదప సమీపమున నొక పాఠశాలను చూచివచ్చుటకు గుఱ్ఱమెక్కి పోయెను. తిరిగి వచ్చునప్పటికి వానలకు వాగు పొంగినది. ఆ వరదలో ఆయన మునిగి మరణించెను. ఇంకను నాలుగుదినములకు 46 సంవత్సరములు నిండవలసినవాడు. గోండు మున్నగు ఆదిమజాతులనుగూర్చి ఆయన విడిచిన వ్రాతప్రతులను టెంపుల్ సంస్కరించి 1866లో అచ్చువేయించెను. గోండుల పాటలు అట్లు గ్రంథస్థమైనవి.

ఆరేండ్లు దాటెను. 1870 జనవరిలో సిడ్నీ ప్రదర్శనశాలాధికారి గెరార్డ్ క్రెఫ్ట్ తన నగరపు దినపత్రికలో ఒక వింత ప్రకటించెను. క్వీన్స్‌లండు నదులలో బ్రతికియున్న ఒక పెద్ద ప్రాణి ఆయన చేతికి వచ్చినది. దాని నోరు తెరచిచూడగా అగాసీ చిత్రించిన సెరటోడస్ దంతములే యుండెను! క్రెఫ్ట్ దానిని ఉభయచర మనుకొనెను. మరుసటి సంవత్సరము లండనులో ఆల్బర్ట్ గుంథర్ సమగ్రముగా పరీక్షించి చేపయేయని నిరూపించెను. అయితే సొరచేప కాదు, ఊపిరితిత్తి గల చేప. దాని పంజరమున కూడ మృదులాస్థియే ఎక్కువ. శిలలలో దంతములుమాత్రమే ఏల మిగిలెనో దీనితో తేటపడినది. మలేరి దంతములును అప్పటినుండి ఊపిరిచేపల వంశమున చేరినవి.

మన చెరువులలోని కొర్రమీను నీటిపైకి వచ్చి గాలి పీల్చుట పల్లెవాసు లెరిగినదే. దానికి ఊపిరితిత్తి లేదు. తలలో గాలి నిలుచు అర కలదు. ఆస్ట్రేలియా చేపకు నిజమైన ఊపిరితిత్తియే యున్నది. నీరు నిలిచి చెడినప్పుడు అది గాలితో ప్రాణము నిలుపుకొనును. ఆఫ్రికాలోని దాని జ్ఞాతులు మడుగు ఎండినపుడు బురదలో గూడుకట్టి నెలల తరబడి వానకై వేచియుండును. కరవు నెరిగిన అనంతపురమువారికి ఈ మత్స్యవంశముపై ఆదరము కలుగుట సహజము.

కథ ఇంతతో ముగియలేదు. ఆ మలేరి ఎఱ్ఱమట్టిలోనే నిజమైన సొరచేప దంతములును బయటపడినవి. 1980లో సోహన్‌లాల్ జైన్ వీనిని వర్ణించెను. ఇది సముద్రపు సొర కాదు. 20 కోట్ల సంవత్సరములకు పూర్వము మంచినీటి నదులలో తిరిగి, పిదప వంశనాశనమైన జెనకాంత్ వర్గమునకు చెందినది. ఆయన దానికి జెనకాంథస్ ఇండికస్ అని పేరుపెట్టగా, తరువాతివారు మూరియోడోంటస్ అను వేరొక ప్రజాతికి మార్చిరి. సొర యనుకొన్నది సొర కాదని తేలిన మట్టిలోనే నిజమైన సొర దొరకినది. దాని పేరును మారినది.

వర్గీకరణము రాతిపై చెక్కిన శాసనము కాదు. నేటి యాధారములతో నేడు వ్రాసుకొను పట్టిక. రేపటి యాధారము దానిని దిద్దును. అగాసీ పొరబడుటవలన ఆయన గౌరవము తగ్గలేదు. పేర్లు మారినను, దొరకిన దంతమును, దొరకిన చోటును చెదరలేదు. ఎచ్చట, ఏ పొరలో దొరకినదో వ్రాసియుంచని రాయి ఎంత అందమైనదైనను మూగది. ఆ సీమకే తరువాతివారు మరల పోగలిగిరనగా అది హిస్లాపు చేసిన పని ఫలము.

మన విద్యార్థి కొండవాగులో ఒక వింతరాతిని ఏరి తెచ్చినప్పుడు, దాని పేరేమని అడుగుటకు ముందు, ఎచ్చట దొరకినదని ఉపాధ్యాయుడు అడుగుగాక. పేరు చెప్పువాడు ఏనాడైనను వచ్చును. చోటు చెప్పగలవాడు ఆ బాలుడొక్కడే.