67 ఏళ్ళు పేరు లేని సమాధి: ఆర్థర్ వార్టన్

ఇంగ్లండులోని యార్క్‌షైర్‌లో ఎడ్లింగ్టన్ అనే ఒకప్పటి బొగ్గుగనుల ఊరు ఉంది. ఆర్థర్ వార్టన్‌ను 1930 డిసెంబరులో అక్కడి శ్మశానంలో, పేదలను పూడ్చే చోట పూడ్చారు. ఆయన పేరు చెక్కిన రాయి అక్కడ నిలిచింది 1997లో. అదీ షెఫీల్డ్‌లో జాతివివక్షకు వ్యతిరేకంగా పనిచేసే ఫుట్‌బాల్ అభిమానులు పూనుకుంటేనే. ప్రపంచంలో తొలి నల్లజాతి ప్రొఫెషనల్ ఫుట్‌బాలర్‌గా ఇవాళ ఎక్కువమంది చరిత్రకారులు చెప్పే పేరు ఈయనదే.

వార్టన్ 1865లో గోల్డ్‌కోస్ట్‌లోని అక్రాలో, అంటే నేటి ఘనా రాజధానిలో పుట్టారు. తండ్రి గ్రెనడా నుంచి వచ్చిన మెథడిస్టు మిషనరీ. తల్లి ఫాంటీ రాజకుటుంబపు ఆడబిడ్డ. మిషనరీ చదువుకని 1880లలో ఇంగ్లండులోని డార్లింగ్టన్ పంపిస్తే, ఆయన మైదానం పట్టారు. 1886లో లండన్ స్టాంఫర్డ్ బ్రిడ్జిలో జరిగిన జాతీయ పోటీల్లో 100 గజాలు 10 సెకన్లలో పరుగెత్తి గెలిచారు. అంత వేగం ఉన్న మనిషి గోల్‌కీపర్‌గా నిలబడ్డారంటే వింతే. కానీ అప్పట్లో కీపర్‌ను భుజంతో గుద్ది గోల్‌లోకి నెట్టేయడం ఆటలో భాగం. చురుకుదనం ఆయనకు అక్కడ పనికొచ్చింది.

1887లో ప్రెస్టన్ నార్త్ ఎండ్ తరఫున ఎఫ్.ఏ. కప్ సెమీఫైనల్ దాకా వెళ్ళారు. తర్వాత పరుగు పందేల కోసం ఆ జట్టు వదిలారు. 1888-89లో అదే ప్రెస్టన్ ఒక్క మ్యాచ్ కూడా ఓడకుండా లీగునూ కప్పునూ గెలిచింది. చరిత్ర ఆ జట్టును గుర్తుపెట్టుకుంది, అందులో వార్టన్ లేరు.

1889లో రోదరమ్ టౌన్‌తో జీతానికి ఆడడం మొదలైంది. అక్కడి నుంచి ఊరూరూ తిరుగుడే: షెఫీల్డ్ యునైటెడ్, స్టేలీబ్రిడ్జ్ రోవర్స్, యాష్టన్ నార్త్ ఎండ్, మళ్ళీ స్టేలీబ్రిడ్జ్, చివరికి స్టాక్‌పోర్ట్ కౌంటీ. షెఫీల్డ్‌లో బిల్ ఫోక్ అనే భారీకాయుడైన కీపర్ ఉండడంతో ఈయనకు దక్కినవి కొద్ది మ్యాచ్‌లే. అయినా 1895లో సండర్లాండ్‌పై ఆడి, ఇంగ్లండ్ పై డివిజన్‌లో దిగిన తొలి నల్లజాతి ఆటగాడయ్యారు. మధ్యలో రోదరమ్‌లో సారాయంగడి కూడా నడిపారు. 1902లో ఆట ఆగింది. ఆ కాలపు క్లబ్బులు ఆటగాడిని వాడుకున్నంత కాలం వాడుకునేవి. పింఛను మాటే లేదు. ఆ తర్వాత ఆయన ఎడ్లింగ్టన్‌లోని యార్క్‌షైర్ మెయిన్ గనిలో బొగ్గు బండ్లు లాగించే పనిలో చేరారు.

పత్రికలు ఆయన ఆటను మెచ్చుకుంటూనే రంగు పట్టుకుని పేర్లు పెట్టేవి. ఇది చదివినప్పుడు మాకు పల్వంకర్ బాలూ గుర్తొచ్చారు. చమార్ కులంలో పుట్టిన ఆ బౌలర్ 1911లో భారత క్రికెట్ జట్టుతో ఇంగ్లండు వెళ్ళి వందకు పైగా వికెట్లు తీశారు. సొంత దేశంలో మాత్రం జట్టు మిత్రులు తాగే కప్పులో ఆయనకు టీ ఇవ్వలేదు, హిందూ జట్టు కెప్టెన్సీ దక్కనివ్వలేదు. రంగూ కులమూ ఒకటి కావు, ఆ తేడా చెరపడం మా ఉద్దేశం కాదు. అయితే వికెట్లూ గోల్సూ కావాలి గానీ మనిషి వద్దనే లెక్క మాత్రం రెండుచోట్లా ఒకటే.

వార్టన్ 2003లో ఇంగ్లీష్ ఫుట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్‌లోకి చేరారు. 2014లో సెయింట్ జార్జ్ పార్క్‌లో, ఇంగ్లండ్ జాతీయ జట్టు శిక్షణ తీసుకునే చోటే ఆయన విగ్రహం పెట్టారు. గోల్ పైకడ్డీ వైపు ఎగిరి బంతిని ఆపుతున్న భంగిమ అది.