పదిహేనేళ్లకే డిస్కో తార.. ముప్పై అయిదేళ్లకే మౌనం: నాజియా హసన్ ప్రస్థానం

1980లో విడుదలైన హిందీ చిత్రం ‘ఖుర్బానీ’లోని ఒక్క పాట భారతీయ శ్రోతలను ఉలిక్కిపడేలా చేసింది. నేపథ్య గానంలో లతా మంగేష్కర్, ఆశా భోంస్లేల ప్రాభవం సాగుతున్న రోజులవి. జీనత్ అమన్‌పై చిత్రీకరించిన ‘ఆప్ జైసా కోయీ’లో వినిపించిన గొంతులో గమకాల విన్యాసం లేదు. ముక్కుతో పలికినట్లుండే పలుచని స్వరం అది. ఆ గాయని కరాచీకి చెందిన నాజియా హసన్. అప్పటికి ఆమె పాఠశాల విద్యార్థిని.

నాజియా 1965 ఏప్రిల్ 3న కరాచీలో జన్మించారు. తండ్రి వ్యాపారవేత్త, తల్లి సామాజిక కార్యకర్త. బాల్యం కరాచీ, లండన్ నగరాల మధ్య గడిచింది. పాకిస్థాన్ టెలివిజన్‌లో పిల్లల కార్యక్రమాల్లో తమ్ముడు జోహెబ్‌తో కలిసి పాడేవారు. లండన్‌లో నటుడు, దర్శకుడు ఫిరోజ్ ఖాన్ దృష్టిలో పడటంతో ఆమె జీవితం మలుపు తిరిగింది. ఆయన ఆమెను సంగీత దర్శకుడు బిడ్డుకు పరిచయం చేశారు. బెంగళూరులో పుట్టి లండన్‌లో స్థిరపడిన బిడ్డు, 1974లో కార్ల్ డగ్లస్ పాడిన ‘కుంగ్ ఫూ ఫైటింగ్’ నిర్మాతగా అప్పటికే ప్రపంచ ప్రసిద్ధుడు.

‘ఖుర్బానీ’ పాటకు 1981లో ఫిలింఫేర్ ఉత్తమ గాయని పురస్కారం లభించింది. ఆ విభాగంలో ఈ గౌరవం పొందిన అతి పిన్న వయస్కురాలు ఆమే. అదే ఏడాది అక్కాతమ్ముళ్ల తొలి ఆల్బమ్ ‘డిస్కో దీవానే’ వెలువడింది. సినిమాతో సంబంధం లేని పాటలు ఇంటింటా మోగడం ఉపఖండంలో అరుదైన ఆ కాలంలో అది సంచలనం సృష్టించింది. బ్రెజిల్‌లోనూ ఆదరణ పొందింది. ఆ డిస్కో ఊపు తెలుగు తెరనూ తాకింది. మిథున్ చక్రవర్తి ‘డిస్కో డ్యాన్సర్’ ఆధారంగా బాలకృష్ణ కథానాయకుడిగా 1984లో ‘డిస్కో కింగ్’ వచ్చింది.

1982లో ‘స్టార్’ చిత్రం నిరాశపరిచినా నాజియా, జోహెబ్ పాడిన పాటలు నిలిచాయి. 1984లో ‘యంగ్ తరంగ్’, 1987లో ‘హాట్‌లైన్’ వెలువడ్డాయి. స్వదేశంలో మాత్రం వారి దారి సాఫీగా సాగలేదు. జియా ఉల్ హక్ సైనిక పాలనలో పాప్ సంగీతాన్ని, యువతీ యువకుల నృత్యాన్ని సంప్రదాయవాదులు తప్పుపట్టారు. 1989లో అక్కాతమ్ముళ్లు నిర్వహించిన ‘మ్యూజిక్ 89’ టెలివిజన్ కార్యక్రమం కొత్త బృందాలకు వేదికైంది.

కీర్తి చేతికందినా నాజియా దానినే జీవితంగా భావించలేదు. లండన్‌లో ఉన్నత విద్య అభ్యసించి, న్యాయశాస్త్ర పట్టా పొందారు. ఐక్యరాజ్య సమితిలో పనిచేశారు. మాదకద్రవ్యాల వ్యతిరేక ప్రచారానికి తన పేరును, పాటను వినియోగించారు. ఆ ఉద్యమంతో ముడిపడి 1992లో వచ్చిన ‘కెమెరా కెమెరా’ ఆమె చివరి ఆల్బమ్. ఇరవై ఏడేళ్ల వయసులో, అవకాశాలు తరగకముందే, గానానికి స్వస్తి పలికారు.

1995లో వివాహం జరిగింది. ఒక కుమారుడు కలిగాడు. ఊపిరితిత్తుల క్యాన్సర్‌తో పోరాడుతూ 2000 ఆగస్టు 13న లండన్‌లో కన్నుమూశారు. మరునాడు పాకిస్థాన్, ఆ మరునాడు భారత్ స్వాతంత్ర్య దినోత్సవాలు జరుపుకొన్నాయి. ఆమె గొంతును రెండు దేశాలూ తమదిగానే భావించాయి. పాకిస్థాన్ ప్రభుత్వం 2002లో ‘ప్రైడ్ ఆఫ్ పెర్ఫార్మెన్స్’ను మరణానంతరం ప్రకటించింది. 2012లో హిందీ చిత్రం ‘స్టూడెంట్ ఆఫ్ ది ఇయర్’ ‘డిస్కో దీవానే’ను కొత్త తరానికి మళ్లీ వినిపించింది.

ఆమె పాడిన కాలం పుష్కరం మాత్రమే. అయితే సినిమా అండ లేకుండానూ పాట ప్రజల్లోకి వెళ్లగలదన్న నమ్మకాన్ని ఉపఖండ పాప్ కళాకారులకు మిగిల్చింది ఆ పన్నెండేళ్లే.