నిఘంటుకర్త జేమ్సు మర్రే

మన విద్యార్థులు కష్టమైన ఆంగ్లపదము తగిలినప్పుడు నిఘంటువును తెరచి అర్థము చూచుకొని మూసివేయుదురు. ఆ గ్రంథములలో అగ్రగణ్యమగు ఆక్సుఫర్డు నిఘంటువు వెనుక ఒక బడిపంతులు జీవితమున్నదని యెరిగినవారు కొలదిమంది.

జేమ్సు మర్రే 1837లో స్కాట్లండు దేశమున ఒక దర్జీకి కుమారుడుగా జన్మించెను. పదునాలుగవ యేట చదువు మానెను. పదునేడవ యేట ఉపాధ్యాయుడయ్యెను. వ్యాధిగ్రస్తయైన భార్యకొరకు లండను చేరి బ్యాంకు గుమాస్తాగా పనిచేసెను గాని ఆమె దక్కలేదు. 1870లో మిల్‌హిల్ పాఠశాలలో మరల ఉపాధ్యాయుడయ్యెను.

1879లో నిఘంటు సంపాదకత్వ మంగీకరించెను. పని పదేండ్లలో ముగియునని ఒప్పందము. పాఠశాల తోటలో రేకుల పాక వేయించి, అందు వేయికి పైబడిన అరలు అమర్చెను. మునుపటివారు అప్పగించిన కాగితపు చీటీలు సంచులతో వచ్చెను. ఒక సంచిలో చచ్చిన ఎలుక, మరియొకదానిలో పిల్లలతో కూడ బ్రతికియున్న చుంచెలుక! చీటీలను అక్షరక్రమమున పేర్చుటకు ఆయన బిడ్డలు సైతము కూర్చుండిరి. అందుకు వారికి చిల్లరడబ్బు ముట్టెడిది.

ఉచ్చారణ విషయమున చిక్కు వేరు. ఖడ్గమను అర్థముగల సోర్డు అను మాటలో వకారస్థానమందలి అక్షరము వ్రాయబడునే గాని పలుకబడదు. మన తరగతులలో దానిని స్వోర్డు అని చదువని బాలుడెవడు? అందుచే మర్రే ధ్వనులకు ప్రత్యేకచిహ్నములు కల్పించెను. ఒక మాటను విద్యావంతులు రెండు విధముల పలికినచో రెండును చూపెను.

మొదటి భాగము 1884లో వెలువడెను. అయిదేండ్ల శ్రమకు ఏ అను అక్షరమైనను పూర్తికాలేదు. ముద్రాపకులు వ్యయమునకు వెరచి, వార్తాపత్రికలనుండి ఉదాహరణములు గ్రహింపవలదనిరి. నూతనపదములు మొదట కనబడునది అచటనే యని మర్రే వాదించెను. రాజీనామాకు సిద్ధపడగా వారే తగ్గిరి.

ఆయనకును పొరపాట్లు తప్పలేదు. అపెండిసైటిస్ అను పదము కేవలము వైద్యుల మాట యని విడువబడెను. 1902లో ఆ వ్యాధిచేతనే ఏడవ ఎడ్వర్డు రాజు పట్టాభిషేకము వాయిదాపడగా, ఆ మాట దేశమంతట నోళ్ళలో నానెను. నిఘంటువులో మాత్రము లేదు. దాసీ యను అర్థముగల బాండ్‌మెయిడ్ పదపు చీటీలు ఎచటనో జారిపోయి, గ్రంథము అచ్చయిన పిమ్మట గాని ఆ లోపము తెలియలేదు.

1908లో ఆయనకు సర్ బిరుదము లభించెను. 1915 జూలై 26వ తేదీన, టీ అక్షరము సాగుచుండగా మరణించెను. గ్రంథములో ఇంచుమించు సగము ఆయన చేతిమీదుగనే సాగినది. 1928లో తక్కినవారు దానిని ముగించిరి. జారిపోయిన దాసీపదము 1933నాటి అనుబంధమున చేరెను.