ఎస్.వి.రంగారావు

ఎస్.వి.రంగారావుగా సుప్రసిద్ధుడైన సామర్ల వెంకట రంగారావు (జులై 3, 1918 - జులై 18, 1974) తెలుగు, తమిళ చలనచిత్ర నటుడు, నిర్మాత, దర్శకుడు. కథానాయకునిగా కాక గుణచిత్ర నటునిగా, ప్రతినాయకునిగా అగ్రశ్రేణికి చేరిన అరుదైన నటుడు. అభిమానులు ఈయనను విశ్వనట చక్రవర్తి అని పిలుచుకున్నారు.

బాల్యము, ఉద్యోగము

రంగారావు అప్పటి కృష్ణా జిల్లాకు చెందిన నూజివీడులో జన్మించాడు (ఈ పట్టణం 2022 నుండి ఏలూరు జిల్లాలో ఉంది). మద్రాసు, విశాఖపట్నం, కాకినాడలలో చదివి బి.ఎస్.సి. పూర్తి చేశాడు. కాకినాడలోని యంగ్ మెన్స్ హ్యాపీ క్లబ్ నాటకాలలో నటించాడు. అనంతరం అగ్నిమాపక శాఖలో అధికారిగా చేరి బందరు, విజయనగరంలలో పనిచేశాడు. నటనపై మక్కువతో ఆ ఉద్యోగానికి రాజీనామా చేశాడు.

సినీరంగ ప్రవేశము

బి.వి.రామానందం దర్శకత్వంలో మనుచరిత్ర కథ ఆధారంగా నిర్మించిన వరూధినిలో ప్రవరాఖ్యునిగా తొలిసారి తెరపై కనిపించాడు. ఆ చిత్రం విజయవంతం కాలేదు. అవకాశాలు రాకపోవడంతో జంషెడ్‌పూర్ వెళ్ళి టాటా సంస్థలో ఉద్యోగంలో చేరాడు. తిరిగి మద్రాసు వచ్చినప్పుడు కూడా మొదట లభించినవి చిన్న పాత్రలే.

విజయా సంస్థ తొలి చిత్రం షావుకారు (1950)లో సున్నం రంగడు పాత్ర గుర్తింపు తెచ్చింది. మరుసటి ఏడాది కె.వి.రెడ్డి దర్శకత్వంలో వచ్చిన పాతాళ భైరవిలో నేపాళ మాంత్రికుని పాత్రతో ఆయన స్థానం సుస్థిరమైంది.

నటనా వైవిధ్యము

నిండైన విగ్రహం, గంభీరమైన కంఠస్వరం రాక్షస, రాజ పాత్రలకు చక్కగా అమరినా ఆయన వాటికే పరిమితం కాలేదు. మిస్సమ్మ (1955)లో తప్పిపోయిన కూతురి కోసం తపించే జమీందారుగా నటించే నాటికి ఆయనకు నలభై ఏళ్ళు కూడా లేవు. ఎన్.టి.రామారావు కంటే కేవలం అయిదేళ్ళు పెద్దవాడైనా వృద్ధ పాత్రలను అవలీలగా పోషించాడు. జార్జ్ ఇలియట్ నవల ఆధారంగా బి.ఎన్.రెడ్డి తీసిన బంగారు పాపలో, అనాథ శిశువును పెంచుతూ మారిపోయే మోటు మనిషి కోటయ్యగా కరుణరసాన్ని పండించాడు. మాయాబజార్ (1957) తెలుగు, తమిళ రూపాలు రెండింటిలోనూ ఘటోత్కచుడు ఆయనే.

నర్తనశాల (1963)లో కీచకుని పాత్రకు 1964లో జకార్తాలో జరిగిన ఆఫ్రో-ఆసియా చలనచిత్రోత్సవంలో ఉత్తమ నటునిగా ఎంపికయ్యాడు.

మరికొన్ని ముఖ్య పాత్రలు:
* హరిశ్చంద్ర (1956) - హరిశ్చంద్రుడు
* శ్రీకృష్ణ లీలలు (1959) - కంసుడు
* పాండవ వనవాసము (1965) - దుర్యోధనుడు
* భక్త ప్రహ్లాద (1967) - హిరణ్యకశిపుడు
* తాత మనవడు (1973) - తాత

నిర్మాతగా, దర్శకునిగా

పౌరాణిక, జానపద పాత్రలతో పేరు పొందిన రంగారావు నిర్మాతగా మారినప్పుడు ఎంచుకున్నవి కుటుంబ కథలు. 1965లో నాదీ ఆడజన్మే నిర్మించాడు. ఇది తమిళ చిత్రం నానుమ్ ఒరు పెణ్‌కు తెలుగు రూపం. రంగు తక్కువని, చదువు లేదని చిన్నచూపునకు గురైన కోడలి కథ ఇది. ఎన్.టి.రామారావు, సావిత్రి ప్రధాన పాత్రలు ధరించారు.

తరువాత చదరంగం (1967), బాంధవ్యాలు (1968) చిత్రాలకు నిర్మాణంతో పాటు దర్శకత్వం కూడా చేపట్టాడు. రెండింటికీ నంది పురస్కారాలు లభించాయి. ఉమ్మడి కుటుంబంలోని అన్నదమ్ముల అనుబంధం ఇతివృత్తంగా గల బాంధవ్యాలుకు ఉత్తమ చిత్రంగా బంగారు నంది దక్కింది. ఇది తమిళంలో తాను నటించిన కణ్ కండ దైవం ఆధారంగా తీసినది. దర్శకునిగా ఆయన తీసినవి ఈ రెండే.

మరణము, గుర్తింపు

1974లో ఒకసారి గుండెపోటు నుండి కోలుకున్నా, అదే ఏడాది జులై 18న మద్రాసులో 56 ఏళ్ళ వయసులో మరణించాడు. కంసునిగా నటించిన యశోద కృష్ణ ఆయన మరణానంతరం 1975లో విడుదలైంది.

విదేశీ చలనచిత్రోత్సవంలో ఉత్తమ నటునిగా నిలిచినా, స్వదేశంలో ఆయనకు పద్మ పురస్కారం ఏదీ లభించలేదు. భారతీయ సినిమా శతవార్షికోత్సవ సందర్భంగా 2013లో తపాలా శాఖ ఆయన స్మారకంగా తపాలా బిళ్ళ విడుదల చేసింది.