రాధాబినోద్ పాల్ - ఒంటరి తీర్పు చెప్పిన న్యాయమూర్తి

ఈ పాఠం చదివిన తరువాత మీరు:
- టోక్యో యుద్ధ నేరాల విచారణ ఎందుకు జరిగిందో చెప్పగలుగుతారు.
- ఆ విచారణలో భారతీయ న్యాయమూర్తి ఎందుకు భిన్నమైన తీర్పు ఇచ్చారో వివరించగలుగుతారు.
- అంతర్జాతీయ చట్టం ఒక దేశపు చట్టంగా ఎలా మారుతుందో తెలుసుకుంటారు.

1. పరిచయం

ఊళ్లో రెండు వర్గాల మధ్య కొట్లాట జరిగిందనుకోండి. గెలిచిన వర్గంవారే రచ్చబండ మీద పెద్దమనుషులుగా కూర్చుని, ఓడిన వర్గంవారికి శిక్ష వేశారనుకోండి. ఓడినవారు నిజంగానే తప్పు చేసి ఉండవచ్చు. అయినా ఆ తీర్పును న్యాయమైనదని అందరూ ఒప్పుకుంటారా? రెండవ ప్రపంచయుద్ధం ముగిసిన తరువాత ఇటువంటి ప్రశ్నే ప్రపంచం ముందుకు వచ్చింది. దానికి తనదైన సమాధానం చెప్పిన భారతీయుడు రాధాబినోద్ పాల్.

2. బాల్యం, చదువు

రాధాబినోద్ పాల్ 1886 జనవరి 27న అవిభక్త బెంగాల్‌లోని నదియా జిల్లాలో, కుష్టియా ప్రాంతానికి చెందిన ఒక పల్లెలో జన్మించారు. ఆ ప్రాంతం ఇప్పుడు బంగ్లాదేశ్‌లో ఉంది. ఆయనది పేద కుటుంబం. కష్టపడి చదువుకుని కలకత్తాలోని ప్రెసిడెన్సీ కళాశాలలో చేరారు. అక్కడ ఆయన చదివింది న్యాయశాస్త్రం కాదు, గణితం.

తరువాత మైమెన్‌సింగ్‌లోని ఆనందమోహన్ కళాశాలలో గణితం బోధించారు. పాఠాలు చెబుతూనే న్యాయశాస్త్రం చదివారు. 1920లో ఆ శాస్త్రంలో స్నాతకోత్తర పట్టా, 1924లో డాక్టరేటు పొందారు. అప్పటికి ఆయన వయసు ముప్పై ఎనిమిదేళ్లు. ఉద్యోగం చేస్తూ, సంసారం నడుపుతూ చదువుకునే వారికి ఈ విషయం ధైర్యాన్ని ఇస్తుంది.

న్యాయవాదిగా ఆదాయపు పన్ను చట్టంలో ఆయన మంచి పేరు తెచ్చుకున్నారు. కలకత్తా విశ్వవిద్యాలయపు న్యాయ కళాశాలలో బోధించారు. 1941 నుండి 1943 వరకు కలకత్తా హైకోర్టు న్యాయమూర్తిగా, 1944 నుండి 1946 వరకు కలకత్తా విశ్వవిద్యాలయ ఉపకులపతిగా పనిచేశారు.

3. టోక్యో విచారణ

1945లో జపాన్ లొంగిపోయింది. జపాన్ సేనలు చైనాలోని నాన్‌జింగ్‌లోను, ఫిలిప్పీన్స్‌లోను, మరెన్నో చోట్ల సామాన్య ప్రజల మీద, యుద్ధఖైదీల మీద ఘోరమైన అకృత్యాలు చేశాయి. వీటికి బాధ్యులైన నాయకులను విచారించాలని గెలిచిన మిత్రరాజ్యాలు నిశ్చయించాయి. జర్మనీ నాయకుల విచారణ అప్పటికే న్యూరెంబర్గ్ నగరంలో మొదలైంది. ఆ పద్ధతిలోనే టోక్యోలోను ఒక సైనిక న్యాయస్థానాన్ని ఏర్పాటు చేస్తూ అమెరికా సేనాని మెకార్థర్ 1946 జనవరిలో ప్రకటన చేశారు.

ఈ న్యాయస్థానంలో పదకొండు దేశాలకు చెందిన పదకొండుమంది న్యాయమూర్తులు ఉన్నారు. ఆస్ట్రేలియాకు చెందిన వెబ్ అధ్యక్షుడు. భారతదేశం తరఫున పాల్ నియమితులయ్యారు. మాజీ ప్రధాని టోజోతో సహా 28 మంది మీద నేరారోపణ జరిగింది. ఆరోపణలు ముఖ్యంగా మూడు రకాలు:

(అ) దురాక్రమణ యుద్ధానికి కుట్ర పన్ని, యుద్ధం చేయడం.
(ఆ) యుద్ధ నియమాలను ఉల్లంఘించి ఖైదీలను, ప్రజలను హింసించడం.
(ఇ) మానవాళికి వ్యతిరేకంగా నేరాలు చేయడం.

విచారణ 1946 మేలో మొదలై రెండేళ్లకు పైగా సాగింది. నిందితులలో ఇద్దరు విచారణ కాలంలోనే మరణించారు. ఒకరిని మతిస్థిమితం లేని కారణంగా తప్పించారు. 1948 నవంబరులో న్యాయస్థానం మిగిలిన 25 మందిని దోషులుగా ప్రకటించింది. ఏడుగురికి మరణశిక్ష, పదహారుమందికి యావజ్జీవ ఖైదు, ఇద్దరికి అంతకంటే తక్కువ శిక్ష పడ్డాయి.

4. పాల్ చెప్పిన తీర్పు

పాల్ ఈ తీర్పుతో ఏకీభవించలేదు. వెయ్యి పుటలు దాటిన తన తీర్పులో, నిందితులు అందరూ అన్ని ఆరోపణల నుండి విడుదల పొందవలసిన వారేనని తేల్చారు. ఫ్రాన్సు, నెదర్లాండ్స్ న్యాయమూర్తులు కూడా కొన్ని అంశాలలో విభేదించారు. కాని అందరినీ పూర్తిగా విడిచిపెట్టాలన్నది పాల్ ఒక్కరే. ఆయన వాదనలోని ముఖ్యాంశాలు ఇవి.

మొదటిది: ఒక పని చేసిన నాటికి అది చట్టప్రకారం నేరం కాకపోతే, తరువాత చేసిన చట్టంతో ఆ పనికి శిక్ష వేయరాదు. 1928 పారిస్ ఒప్పందంలో పలు దేశాలు యుద్ధాన్ని త్యజిస్తామన్నాయి. అయితే ఆత్మరక్షణ ఏదో నిర్ణయించుకునే హక్కును తమవద్దనే ఉంచుకున్నాయి. కనుక దురాక్రమణ యుద్ధం చేసిన వ్యక్తిని శిక్షించే చట్టం అప్పటికి లేదని పాల్ భావించారు.

రెండవది: గెలిచిన వారికి ఓడిన వారిని విచారించే అధికారం ఉండవచ్చు. కాని కొత్త నేరాన్ని సృష్టించే అధికారం గెలుపు వల్ల రాదు. ఆసియా దేశాలను ఆయుధబలంతో ఆక్రమించిన వలసరాజ్యాలే ఇక్కడ న్యాయపీఠం మీద ఉన్నాయి. హిరోషిమా, నాగసాకి మీద అణుబాంబు వేయడం గురించి విచారణే లేదు. ఈ అసమానతను ఆయన ఎత్తిచూపారు.

మూడవది: అకృత్యాలు జరిగాయని పాల్ ఒప్పుకున్నారు. నాన్‌జింగ్ ఘోరాలను ఆయన కాదనలేదు. కాని ఎదుట ఉన్న నిందితులే వాటికి ఆజ్ఞ ఇచ్చారని గాని, తెలిసీ ఉపేక్షించారని గాని సాక్ష్యం చాలదని అభిప్రాయపడ్డారు.

పాల్ తీర్పును న్యాయస్థానంలో చదివి వినిపించలేదు. 1948 డిసెంబరు 23న ఏడుగురిని ఉరితీశారు. ఆయన తీర్పు 1953లో కలకత్తాలో పుస్తకంగా వెలువడింది.

5. మెప్పు, విమర్శ

జపాన్‌లో కొందరు పాల్‌ను ఎంతో గౌరవించారు. 1966లో ఆ దేశం ఆయనను ఉన్నత పురస్కారంతో సత్కరించింది. యసుకుని మందిరంలో 2005లో ఆయన పేర స్మారకం నెలకొల్పారు. అయితే జపాన్ ఏ తప్పూ చేయలేదని వాదించేవారు ఆయన తీర్పును తమకు అనుకూలంగా వాడుకున్నారు. ఇది సరికాదు. చట్టప్రకారం శిక్షకు ఆధారం లేదని చెప్పడం వేరు, చేసిన పని మంచిదని చెప్పడం వేరు.

విమర్శకుల మాటలోనూ బలం ఉంది. లక్షలాదిమంది ప్రాణాలు పోయినప్పుడు పై నాయకులెవరూ బాధ్యులు కారంటే, బాధితులకు న్యాయం ఎక్కడ దొరుకుతుంది? క్రింది సైనికుడికి శిక్ష పడి, పై అధికారి తప్పించుకోవడం ధర్మమా? అప్పుడు ఉన్న చట్టం చాలదన్నది పాల్ వాదన. కనుక ముందుగానే స్పష్టమైన చట్టం ఉండాలన్నది ఆ వాదన నుండి మనం గ్రహించవలసిన పాఠం.

6. అంతర్జాతీయ చట్టం, దేశాల చట్టం

పాల్ 1952లో ఐక్యరాజ్యసమితి అంతర్జాతీయ న్యాయ సంఘంలో సభ్యులయ్యారు. 1958లోను, 1962లోను దానికి అధ్యక్షత వహించారు. దేశాలన్నింటికీ వర్తించే నియమాలను వ్రాతపూర్వకంగా రూపొందించడం ఈ సంఘం పని. చట్టం లేదని తీర్పు చెప్పిన వ్యక్తే చట్టం తయారుచేసే పనిలో పాలుపంచుకున్నారన్నమాట.

అయితే ఒప్పందం మీద సంతకం పెట్టినంత మాత్రాన మన కోర్టులలో ఎవరికీ శిక్ష పడదు. భారత రాజ్యాంగం 253వ అధికరణం ప్రకారం అంతర్జాతీయ ఒప్పందాలను అమలుచేయడానికి పార్లమెంటు చట్టం చేయవచ్చు. యుద్ధంలో గాయపడినవారిని, ఖైదీలను, పౌరులను కాపాడే 1949 జెనీవా ఒప్పందాల కోసం మన పార్లమెంటు 1960లో చట్టం చేసింది. వాటి తీవ్రమైన ఉల్లంఘన మన దేశంలో జరిగినా, వెలుపల జరిగినా ఈ చట్టం క్రింద శిక్షించవచ్చు. కాని ప్రభుత్వం ఫిర్యాదు చేస్తేనే కోర్టు కేసు చేపడుతుంది. సామాన్య పౌరుడు నేరుగా కేసు వేయలేడు.

జాతి నిర్మూలన నేరంపై ఒప్పందాన్ని భారతదేశం 1959లో ఆమోదించింది. అయినా దానికోసం ప్రత్యేక చట్టం చేయలేదు. శాశ్వత అంతర్జాతీయ నేర న్యాయస్థానాన్ని ఏర్పరచిన 1998 రోమ్ ఒప్పందంలో కూడా భారతదేశం చేరలేదు.

పాల్ పుట్టిన గడ్డ మరొక దారి పట్టింది. 1971 విముక్తి యుద్ధంలో జరిగిన దారుణాలను విచారించేందుకు బంగ్లాదేశ్ 1973లో సొంత చట్టం చేసింది. ఆ చట్టం క్రింద న్యాయస్థానం ఏర్పడింది 2010లో. జరిగిపోయిన నేరాలకు తరువాత చేసిన చట్టం వర్తిస్తుందా అన్న పాల్ ప్రశ్న అక్కడ కూడా చర్చకు వచ్చింది. మన రాజ్యాంగం 20వ అధికరణం మాత్రం, చేసిన నాటికి నేరం కాని పనికి శిక్ష వేయరాదని స్పష్టంగా చెబుతున్నది.

7. చివరి రోజులు

భారత ప్రభుత్వం పాల్‌కు 1959లో పద్మవిభూషణ్ ప్రదానం చేసింది. ఆయన 1967 జనవరి 10న కలకత్తాలో మరణించారు. ఆయన తీర్పును ఒప్పుకునేవారూ ఉన్నారు, ఒప్పుకోనివారూ ఉన్నారు. కాని బలవంతుడికీ బలహీనుడికీ ఒకే చట్టం ఉండాలన్న ఆయన పట్టుదలను ఎవరూ త్రోసిపుచ్చలేరు.

మీ ప్రగతిని పరీక్షించుకోండి

1. టోక్యో న్యాయస్థానంలో ఎంతమంది న్యాయమూర్తులు ఉన్నారు?
2. పాల్ నాన్‌జింగ్ అకృత్యాలను కాదన్నారా? నాలుగు వాక్యాలలో వ్రాయండి.
3. అంతర్జాతీయ ఒప్పందం మన దేశంలో అమలు కావాలంటే ఏమి జరగాలి?
4. మీరే పన్నెండవ న్యాయమూర్తి అయితే ఎవరి పక్షాన తీర్పు చెబుతారు? కారణాలు వ్రాసి, మీ తోటి అభ్యాసకులతో చర్చించండి.

పదాలు - అర్థాలు

దురాక్రమణ : అన్యాయంగా ఇతర దేశం మీద దండెత్తడం
అకృత్యం : చేయరాని పని
అధికరణం : రాజ్యాంగంలోని ఒక విభాగం
త్యజించు : వదలిపెట్టు
ఉల్లంఘన : నియమాన్ని మీరడం