ఖజానా తాళపుచెవులు: సర్ ఛార్లెస్ ట్రెవిల్యన్ జీవితము

ఆదికాండము 41వ అధ్యాయములో యోసేపు ఫరో కొట్లకు అధికారియై యుండుట మనమెరుగుదుము. కరువు వచ్చినప్పుడు ఆయన కొట్లన్నియు విప్పించెను. అయితే ధాన్యమును అమ్మెనే గాని ఊరక ఇయ్యలేదు. 47వ అధ్యాయములో ప్రజలు పశువులను, పొలములను, తుదకు తమ్మును తాము అమ్ముకొనిరి. ఈ భాగమును మన ప్రసంగములలో సాధారణముగా వదలివేయుదుము. దానిని చదివినప్పుడెల్ల నాకు సర్ ఛార్లెస్ ట్రెవిల్యన్ గారు జ్ఞాపకము వచ్చును. ఒకప్పుడు మన చెన్నపట్నమునకు గవర్నరుగా వచ్చిన దొర ఆయనే.

ఆయన 1807వ సంవత్సరము ఏప్రిల్ 2వ తేదీన ఇంగ్లండులోని టాంటన్ పట్టణమందు జన్మించెను. తండ్రి ఆంగ్లికను సంఘములో ఆర్చిడీకను. ఛార్లెస్ గారు 1826లో కుంపిణీ ఉద్యోగియై హిందూదేశమునకు వచ్చి ఢిల్లీలో పని చేసెను. అక్కడ 1829లో, ఇరువదిరెండేండ్ల ప్రాయమున, తన పై అధికారియైన సర్ ఎడ్వర్డ్ కోల్‌బ్రూక్ లంచములు పుచ్చుకొనుచున్నాడని బహిరంగముగా నేరము మోపెను. విచారణ జరిగెను, నేరము రుజువయ్యెను, పెద్ద దొర ఉద్యోగము పోయెను. క్రింది ఉద్యోగికి ఇది ఎంత సాహసమో కచేరీలలో పని చేయువారికి చెప్పనక్కరలేదు. 1834లో ఆయన కలకత్తాలో హన్నా మెకాలే గారిని వివాహమాడెను. ఆమె తండ్రి జకరీ మెకాలే గారు బానిస వ్యాపారమును రూపుమాపుటకు పాటుపడిన భక్తుడు.

1840లో ట్రెవిల్యన్ గారు లండనులో ట్రెజరీకి, అనగా ప్రభుత్వ ఖజానా శాఖకు, అసిస్టెంటు సెక్రటరీ అయ్యెను. పేరు చిన్నదే గాని శాఖ నడిపించునది ఆ ఉద్యోగియే. మంత్రులు వచ్చిపోవుదురు, ఆయన మాత్రము 19 సంవత్సరములు అచ్చటనే యుండెను.

1845లో ఐర్లండులో బంగాళాదుంప పంటకు తెగులు తగిలెను. అక్కడి పేదలలో సుమారు 30 లక్షల మందికి ఆ దుంపయే అన్నము. ప్రధానమంత్రి పీల్ గారు లక్ష పౌనుల మొక్కజొన్న అమెరికానుండి తెప్పించి తక్కువ వెలకు అమ్మించెను. 1846 వేసవిలో ఆ డిపోలను మూసివేయుటకు ట్రెవిల్యన్ గారు ఉత్తరువు చేసెను. ఆ సంవత్సరమే పంట పూర్తిగా కుళ్ళిపోయెను. ధాన్య వ్యాపారములో సర్కారు చేయి పెట్టరాదని, ఊరక తిండి పెట్టిన యెడల జనులు సోమరులగుదురని ఆయన గట్టిగా నమ్మెను. కరువు పనులు పెట్టిరి. 1847 మార్చిలో ఏడు లక్షలకు పైగా జనులు రోడ్లపై రాళ్ళు కొట్టిరి. చేసిన పని కొలిచి కూలి ఇచ్చుట వలన, ఆకలితో నీరసించినవానికి ఆ దినము పొట్ట నింపుకొనుటకైనను డబ్బు చాలెడిది కాదు. ఆ కాలమందే ఐర్లండునుండి ఓట్లు, పశువులు ఓడలలో ఎగుమతియగుచునే యుండెను.

ఇక్కడ ఒక సంగతి చెప్పవలెను. 1847 వేసవిలో ప్రభుత్వమే గంజికేంద్రములు తెరచి దినమునకు 30 లక్షల మందికి ఉచితముగా గంజి పోసెను. చేయగలమని తేలెను! అయినను కొన్ని నెలలకే వాటిని మూసి, భారమంతయు ఐర్లండులోని స్థానిక పన్నులపై వేసిరి. ఆ నిర్ణయము ట్రెవిల్యన్ గారిది మాత్రమే కాదు. ప్రధాని రస్సెల్, ఆర్థికమంత్రి వుడ్ కూడ ఆ మతమువారే. కరువు గడచిపోయినదని 1848 ఆరంభమున ఆయన వ్రాసెను, ఆ యేడే సర్ బిరుదు పొందెను. తెగులు మరల వచ్చెను. 80 లక్షల జనములో సుమారు 10 లక్షల మంది చనిపోయిరి, అంతకు తక్కువ కానివారు దేశము విడిచిరి. దీనికి ఖజానా ఇచ్చినది, అప్పులతో కలిపి, సుమారు 80 లక్షల పౌనులు. బానిసలను విడిపించిన చట్టము క్రింద, 1833లో, యజమానులకు నష్టపరిహారముగా అదే ప్రభుత్వము ఒప్పుకొన్నది 2 కోట్ల పౌనులు. ఆ లెక్క జకరీ మెకాలే గారి అల్లునికి తెలియనిది కాదు.

నన్ను కలవరపరచునది ఆయన పొదుపు కాదు. ఐరిష్ వారి దోషములను దిద్దుటకు దేవుడే ఈ కరువు పంపెనని ఆయన తలంచెను. యోబు స్నేహితులు చెప్పినదియు ఇదియే. ఒకసారి తుపానులో ఇల్లు కూలిన కుటుంబమునొద్ద నేనును ఇట్టి మాట ఆడితిని. ఆ ఇంటి ముసలమ్మ ఏమియు అనక నాకు కూర్చుండుటకు చాప వేసెను.

1854లో వెలువడిన ఆయన నివేదిక సిఫారసు ఉద్యోగములను తప్పించి పరీక్షలను సూచించెను. 1859లో చెన్నపట్నము గవర్నరై, అచ్చట పీపుల్స్ పార్కు వేయించెను. కలకత్తాలో విల్సన్ దొర ఆదాయపుపన్ను పెట్టబూనగా, ఈ ప్రజలు మోయలేరని వ్రాసి, ఆ వ్రాతను పత్రికలలో ప్రకటించెను. అందుచేత 1860లో ఆయనను వెనుకకు పిలిపించిరి. 1863లో రాజప్రతినిధి సభలో ఆర్థిక సభ్యుడై తిరిగి వచ్చెను. 1865లో ఆ పన్ను రద్దయినది.

1886వ సంవత్సరము జూన్ 19వ తేదీన, 79 ఏండ్ల వయస్సులో, ఆయన లండనులో మరణించెను. ఐర్లండువారికి పార్కు తెలియదు, పరీక్షలు జ్ఞాపకము లేవు. ఆకలిగొన్న పిల్లల కొరకు ఆయన మొక్కజొన్న దొంగిలించి ఓడనెక్కింపబడిన ఒక తండ్రినిగూర్చి 1970ల చివర కట్టిన పాటను ఆటల మైదానములలో వేలకొలది జనులు పాడుదురు. అందులో ఆయన పేరున్నది.