ఇంటర్నెట్ పద్దుల పుస్తకం రాసిన జాన్ పోస్టెల్

1998 జనవరి 28న కాలిఫోర్నియాలోని ఒక పరిశోధన సంస్థ నుంచి ఎనిమిది మంది సర్వర్ నిర్వాహకులకు ఈమెయిల్ వెళ్లింది. ఇంటర్నెట్ చిరునామాల మూల జాబితాను ఇకపై ప్రభుత్వ కాంట్రాక్టు పొందిన కంపెనీ సర్వర్ నుంచి కాకుండా, తమ సర్వర్ నుంచి తీసుకోవాలన్నది అందులోని అభ్యర్థన. ఆ మార్పు చేయమని అమెరికా ప్రభుత్వం కోరలేదు. అయినా ఎనిమిది మందీ మన్నించారు. కారణం, ఆ మాట జాన్ పోస్టెల్‌ది కావడమే.

లాస్ ఏంజెలెస్ సమీపంలోని ఆల్టడీనాలో 1943 ఆగస్టు 6న ఆయన జన్మించారు. ఇంటర్నెట్ నిర్మాతల్లో ముఖ్యులైన వింట్ సెర్ఫ్, స్టీవ్ క్రాకర్ చదివిన ఉన్నత పాఠశాలలోనే ఆయనా చదివారు. లాస్ ఏంజెలెస్‌లోని కాలిఫోర్నియా విశ్వవిద్యాలయంలో ఈ ముగ్గురూ కలిశారు. అమెరికా రక్షణ శాఖ నిధులతో ఆర్పానెట్ రూపుదిద్దుకుంటున్న రోజులవి. వేర్వేరు కంప్యూటర్లు ఏ నియమాలతో మాట్లాడుకోవాలో చెప్పేవారు లేక, ఆ బాధ్యత విద్యార్థుల మీద పడింది.

1969 ఏప్రిల్ 7న క్రాకర్ తొలి పత్రం రాశారు. ఆజ్ఞాపించే అధికారం తమకు లేదన్న సంకోచంతో దానికి అభిప్రాయాల కోసం వినతి అనే అర్థంలో ‘ఆర్‌ఎఫ్‌సీ’ అని పేరు పెట్టారు. నేటికీ ఇంటర్నెట్ ప్రమాణాలు ఆ పేరుతోనే వెలువడుతున్నాయి. ఆ పత్రాలను పరిష్కరించి, సంఖ్య ఇచ్చి, భద్రపరిచే పనిని పోస్టెల్ దాదాపు మూడు దశాబ్దాలు మోశారు. 1981 సెప్టెంబరులో ఐపీ, టీసీపీ ప్రమాణాలు ఆయన సంపాదకత్వంలోనే వచ్చాయి. 1982లో ఈమెయిల్ రవాణా నియమాలను ఆయనే రాశారు. 1983 జనవరి 1న ఆర్పానెట్ టీసీపీ/ఐపీకి మారింది. ఆ మార్పు ప్రణాళిక కూడా ఆయనదే.

పంపేటప్పుడు నియమం తప్పకూడదు, స్వీకరించేటప్పుడు ఎదుటివారి పొరపాట్లను సహించాలి అన్నది ఆయన సూత్రం. తప్పులతో రాసిన వెబ్ పేజీలను సైతం బ్రౌజర్లు చూపించగలగడం వెనుక ఉన్నది ఈ ఔదార్యమే. అయితే ఆ సహనం వల్ల తప్పులు స్థిరపడిపోతాయని, భద్రతకు చేటు కలుగుతుందని తర్వాతి ఇంజినీర్లు విమర్శించారు.

నెట్‌వర్క్‌లో వాడే సంఖ్యలను ఎవరో ఒకరు కేటాయించాలని, ఆ పని తాను చేస్తానని 1972లో ఆయన ముందుకు వచ్చారు. క్రమంగా దేశాల చిరునామాల జాబితా కూడా ఆయన చేతికి వచ్చింది. భారతదేశానికి ‘.ఇన్’ 1989లో దక్కింది. ఏది దేశమో, ఏది కాదో తేల్చే పని తమది కాదని 1994 నాటి పత్రంలో స్పష్టం చేసి, అంతర్జాతీయ ప్రమాణాల సంస్థ జాబితానే ఆధారం చేసుకున్నారు. రాజకీయ వివాదాలు ఆ పద్దులోకి రాకుండా కాపాడిన నిర్ణయమది.

కానీ 1995లో పేర్ల నమోదుకు రుసుము మొదలయ్యాక ఆ జాబితా విలువైన ఆస్తిగా మారింది. దాన్ని ఎవరు నియంత్రించాలన్న వివాదం ముదిరినప్పుడే పోస్టెల్ ఆ ఈమెయిల్ పంపారు. శ్వేతసౌధం తీవ్రంగా స్పందించింది. అది పరీక్ష మాత్రమేనని చెప్పి, కొద్ది రోజుల్లోనే ఆయన పాత స్థితిని పునరుద్ధరించారు. ఒక వ్యక్తి మీద నమ్మకంతో నడిచిన వ్యవస్థకు ఇక చట్టబద్ధ రూపం తప్పదని అందరికీ అర్థమైంది.

అదే ఏడాది సెప్టెంబరులో ‘ఐకాన్’ సంస్థ ఏర్పడింది. దాని రూపకల్పనలో శ్రమించిన పోస్టెల్, గుండె శస్త్రచికిత్స అనంతర సమస్యలతో అక్టోబరు 16న 55 ఏళ్ల వయసులో కన్నుమూశారు. సెర్ఫ్ రాసిన నివాళి ఒక ఆర్‌ఎఫ్‌సీగానే వెలువడింది. ఆ జాబితాపై అమెరికా ప్రభుత్వ పర్యవేక్షణ 2016లో ముగిసింది.

నేడు తెలుగు లిపిలో ‘.భారత్’ అని ముగిసే చిరునామాకు కూడా ఆ మూల జాబితాలోనే చోటుంది. ఆ పద్దును దశాబ్దాలపాటు రాసిన మనిషి, దాన్ని సొంత ఆస్తిగా మాత్రం ఎన్నడూ మార్చుకోలేదు.